కథ లేని సినిమా, దాచుకున్న రీళ్లు: జోనాస్ మెకాస్ పనిని విశాఖ నుంచి చూస్తే

సాయంత్రం ఆరు దాటాక ఆర్కే బీచ్‌లో ఓ అరగంట నడిస్తే ఫోన్ ఎత్తి ఏదో ఒకటి తీస్తున్న వాళ్లు పదుల సంఖ్యలో కనిపిస్తారు. అలలు, మొక్కజొన్న పొత్తులు కాల్చే బండి, సబ్‌మెరైన్ మ్యూజియం ముందు నిలబడ్డ మేనల్లుడు, చీకటి పడుతుంటే వెలిగే ఓడల దీపాలు. అందులో చాలా భాగం ఆ రాత్రికి స్టేటస్‌లో పడుతుంది, మర్నాటికి పోతుంది. సరిగ్గా ఇలాంటి ముక్కలనే, అంటే స్నేహితులు టీ తాగడం, వీధిలో మంచు పడటం, పిల్ల మొదటి అడుగులు వెయ్యడం లాంటివాటినే దాదాపు డెబ్భై ఏళ్ల పాటు తీసి, దాచి, గంటల నిడివి సినిమాలుగా అతికించినవాడు జోనాస్ మెకాస్. లిథువేనియాలో పుట్టి న్యూయార్క్‌లో స్థిరపడి 2019 జనవరి 23న, 96 ఏళ్ల వయసులో చనిపోయాడు. అమెరికా అండర్‌గ్రౌండ్ సినిమా చరిత్రలో మొదట వినపడే పేర్లలో అతనిదొకటి.

అతని సినిమా మొదటిసారి చూసిన వాళ్లకి రెండు ప్రశ్నలు వెంటనే వస్తాయి. కథే లేదు కదా, ఇది సినిమా ఎలా అయింది? సరే, ఇది సినిమా అయితే మేం తీసే వ్లాగ్ ఎందుకు కాదు? షార్ట్ ఫిల్ములు తీసే కుర్రాళ్లు ఇంతమంది ఉన్న విశాఖలో ఈ రెండో ప్రశ్నకి జవాబు వెతకడం అవసరం.

క్లుప్తంగా చెప్పాలంటే: మెకాస్ సినిమాల రూపం అతని కెమెరా నుంచి, అతని జీవితం నుంచి వచ్చింది. కానీ ఆ సినిమాలు ఇవాళ మనదాకా రావడానికి కారణం మాత్రం అతను కట్టిన వ్యవస్థలు, అంటే ఒక పత్రిక, ఒక సహకార సంఘం, ఒక భాండాగారం. తెలుగులో అదే కాలంలో అండర్‌గ్రౌండ్ కవిత్వం వచ్చింది, సినిమా రాలేదు. కారణం డబ్బూ సామగ్రీ. ఇప్పుడు సామగ్రి చౌక అయిపోయింది, వ్యవస్థ లేదు.

## పేరు దగ్గరే గందరగోళం

మన దగ్గర 'ఇండిపెండెంట్', 'ఆర్ట్ సినిమా', 'అండర్‌గ్రౌండ్' అన్న మూడు మాటల్నీ కలిపేసి వాడుతుంటాం. వాటి మధ్య తేడా ఉంది, ఆ తేడా శైలిలో కన్నా సినిమా ప్రేక్షకుడి దగ్గరికి వెళ్లే దారిలో ఎక్కువ కనిపిస్తుంది.

విశాఖ వాళ్లకి తెలిసిన ఉదాహరణే చూద్దాం. 2018లో వచ్చిన 'కేరాఫ్ కంచరపాలెం'ని ఎక్కువగా స్థానికులతో, నటనలో అనుభవం లేనివాళ్లతో తీశారు. తీసిన పద్ధతి స్వతంత్రం. కానీ అందులో కథ ఉంది, పాటలున్నాయి, చివరికి అన్నీ ఒక చోటికి వచ్చి కలిసే నిర్మాణం ఉంది, పైగా పేరున్న నిర్మాణ సంస్థ చేతిలోకి తీసుకుని థియేటర్లలో విడుదల చేసింది. అది ఇండిపెండెంట్ సినిమా. ఆర్ట్ సినిమా అంటే మామూలుగా ప్రభుత్వ సంస్థ అప్పుతోనో గ్రాంటుతోనో తీసి, ఫెస్టివళ్లకి వెళ్లి, అవార్డు తెచ్చుకుని, దూరదర్శన్‌లో మధ్యాహ్నం పూట కనిపించేది. అండర్‌గ్రౌండ్ ఈ రెండు దారుల్లోనూ పోదు. నిర్మాత ఉండడు, స్క్రిప్టు ఉండకపోవచ్చు, పంపిణీదారుడు ముట్టుకోడు, సెన్సార్ దగ్గరికి వెళ్లదు, వెళ్లినా నిలవదు. అద్దె గదిలోనో, ఎవరి మిద్దె మీదో, మూతపడిన హాల్లోనో అర్ధరాత్రి ఆడుతుంది. కాబట్టి అండర్‌గ్రౌండ్ అన్నది సినిమా ఎలా ఉంటుందో చెప్పే మాట కన్నా, సినిమా ఎక్కడ తిరుగుతుందో చెప్పే మాట అనుకోవడమే సరైనది. మెకాస్ జీవితం మొత్తాన్ని ఈ తాళంచెవితో తెరవచ్చు.

## ఊరు పోయిన మనిషి

మెకాస్ 1922 డిసెంబర్‌లో ఉత్తర లిథువేనియాలోని సెమెనిష్కియై అనే చిన్న పల్లెలో, రైతు కుటుంబంలో పుట్టాడు. అక్కడి ఉచ్చారణలో అతను యోనాస్. చిన్నప్పటి నుంచీ కవి, డైరీ రాసే అలవాటు. 1940లో సోవియట్ సైన్యం వచ్చింది, 1941లో జర్మన్లు వచ్చారు. చేతికి కెమెరా వచ్చాక తీసిన మొట్టమొదటి ఫొటో ఊరి మీదుగా పోతున్న సోవియట్ ట్యాంకులదని, ఒక సైనికుడు వచ్చి ఫిల్మ్ లాగేసి దుమ్ములో తొక్కేశాడని అతను తర్వాత చాలాసార్లు చెప్పాడు.

1944లో తమ్ముడు అడోల్ఫస్‌తో కలిసి దేశం విడిచాడు. వియన్నా వెళ్లాలన్నది ఆలోచన. రైలు దారి మళ్లింది, ఇద్దరూ హాంబర్గ్ దగ్గర ఎల్మ్స్‌హార్న్‌లో నాజీల నిర్బంధ శ్రమ శిబిరంలో తేలారు. యుద్ధం అయిపోయాక కూడా ఇల్లు చేరే దారి లేదు, లిథువేనియా సోవియట్ యూనియన్‌లో కలిసిపోయింది. నిర్వాసితుల శిబిరాల్లో నాలుగేళ్లు గడిచాయి. ఆ మధ్యలోనే మైన్జ్ విశ్వవిద్యాలయంలో తత్వశాస్త్రం చదివాడు, పుట్టిన పల్లె మీద కవితలు అచ్చువేశాడు. 1949 అక్టోబర్ చివర్లో అన్నదమ్ములిద్దరూ ఓడ దిగి న్యూయార్క్‌లో అడుగుపెట్టారు. బ్రూక్లిన్‌లో గది, ఫ్యాక్టరీల్లో కూలి పని. వచ్చిన కొద్దికాలానికే అప్పు చేసి ఒక బోలెక్స్ కెమెరా కొన్నాడు.

తిండికే కటకటగా ఉన్నప్పుడు కెమెరా ఎందుకు కొన్నాడన్నదానికి అతని సినిమాలే జవాబు. ఇంగ్లీషు సరిగా రాదు. లిథువేనియన్‌లో కవిత్వం రాస్తే న్యూయార్క్‌లో చదివేవాళ్లు తోటి కాందిశీకులే. భాష లేని చోట రాసుకోవడానికి దొరికిన కలం అది. మొదట్లో తీసింది కూడా తోటి లిథువేనియన్ల పిక్నిక్కులు, సభలు, రేవులో దిగుతున్న కుటుంబాలు.

## కీ ఇచ్చే కెమెరా

మెకాస్ సినిమాలు ఎందుకలా గబగబా రెప్పలు కొట్టినట్టు ఉంటాయో తెలియాలంటే సిద్ధాంతాల కన్నా ముందు కెమెరాని చూడాలి. బోలెక్స్ స్విట్జర్లాండ్‌లో తయారైన 16 ఎంఎం కెమెరా. బ్యాటరీ అక్కర్లేదు. పాత గోడ గడియారానికి ఇచ్చినట్టు పక్కనున్న పిడి తిప్పి కీ ఇవ్వాలి, లోపలి స్ప్రింగ్ విప్పుకుంటున్నంతసేపే ఫిల్మ్ నడుస్తుంది. పూర్తిగా కీ ఇస్తే, సెకనుకి 24 ఫ్రేముల లెక్కన, దాదాపు 28 సెకన్లు. తర్వాత ఆగి మళ్లీ కీ ఇవ్వాల్సిందే. అంటే ఈ కెమెరాతో అరనిమిషం కంటే పొడుగు షాట్ మామూలుగా రాదు.

ఇక రీలు. 100 అడుగుల చుట్ట, అడుగుకి 40 ఫ్రేములు, మొత్తం 4,000 ఫ్రేములు. తెర మీద రెండు నిమిషాల ముప్పావు. గంట నిడివి రావాలంటే అలాంటివి 22 చుట్టలు కొనాలి, ల్యాబ్‌లో కడిగించాలి, దేనికదే ఖర్చు. ఫ్యాక్టరీ కూలితో బతికే మనిషి చేతిలో ప్రతి సెకనుకీ వెల ఉంది. ఫోన్‌లో ఆన్ చేసి వదిలేసే అలవాటున్న మనకి ఈ పొదుపు వెంటనే తట్టదు.

ఈ రెండు ఇబ్బందుల మధ్య బోలెక్స్‌లో ఒక సౌకర్యం ఉంది: ఒక్కొక్క ఫ్రేమునే నొక్కి తీయొచ్చు. మెకాస్ దాన్ని తన చేతిరాతగా మార్చుకున్నాడు. పువ్వు మీద మూడు ఫ్రేములు, కిటికీ మీద రెండు, స్నేహితురాలి నవ్వు మీద ఆరు, మళ్లీ పువ్వు. తెర మీద వరసగా సెకనులో ఎనిమిదో వంతు, పన్నెండో వంతు, పావు వంతు. ఎడిటింగ్ టేబుల్ మీద కోసి అతికితే వచ్చే వేగం కాదిది, తీస్తున్నప్పుడే కెమెరాలో జరిగిపోయిన ఎడిటింగ్. ఒకసారి నొక్కాక వెనక్కి తీసుకోలేం. చేతి వణుకు, వెలుతురు ఎక్కువై తెల్లబోయిన ఫ్రేములు, ఫోకస్ తప్పిన మొహాలు, అన్నీ ఉండిపోతాయి. రాత్రి కూర్చుని డైరీ రాసేటప్పుడు పొద్దున జరిగిందాన్ని తలుచుకుని, నెమరువేసుకుని రాస్తాం, కెమెరా డైరీలో ఆ వెసులుబాటు లేదు, అప్పటికప్పుడు స్పందిస్తే దొరుకుతుంది, లేకపోతే పోతుంది అన్నది అతని వాదన.

ధ్వని మాత్రం అప్పటికప్పుడు రాదు. బోలెక్స్ మాట రికార్డు చెయ్యదు. అందుకని వీధి చప్పుళ్లు, రైలు మోతలు, పియానో, మాటలు టేపు మీద వేరుగా పోగుచేసి ఏళ్ల తర్వాత బొమ్మకి జతచేసేవాడు. వాటి మీద తన గొంతు, నిదానంగా, లిథువేనియన్ యాస తగ్గని ఇంగ్లీషులో. మధ్యమధ్యలో టైపు చేసిన అట్టముక్కలు. బొమ్మ యవ్వనంలో తీసింది, గొంతు నడివయసుది. ఈ రెంటి మధ్య ఉన్న ఎడమే అతని సినిమాల అసలు బలం. వ్లాగ్‌కీ మెకాస్ డైరీకీ ప్రధానమైన తేడా కూడా ఇక్కడే ఉంది. వ్లాగర్ కెమెరా వైపు తిరిగి, ఇప్పుడు చూస్తున్నవాళ్లతో ఇప్పుడే మాట్లాడతాడు. మెకాస్ ఎవరితోనూ మాట్లాడకుండా తీసి పక్కన పెడతాడు, ఎన్నో ఏళ్ల తర్వాత ఆ తీసినవాణ్ణి తనే పరాయివాడిలా చూస్తూ మాట్లాడతాడు.

## నాలుగు సినిమాలు చాలు

1969లో వచ్చిన 'వాల్డెన్' మూడు గంటల సినిమా. 1960ల మధ్యలో న్యూయార్క్‌లో స్నేహితుల పెళ్లిళ్లు, సెంట్రల్ పార్కులో మంచు, సర్కస్, ఇంట్లో భోజనాలు. మన పెళ్లి వీడియోల్లో ఎవరూ తప్పిపోకూడదని వరసగా అందరి మొహాల మీదుగా కెమెరా తిప్పుతారు. 'వాల్డెన్'లో పెళ్లి అంటే ముసుగు అంచు, గ్లాసులో వెలుతురు, నవ్వుతూ పక్కకి తిరిగిన ఎవరిదో మెడ. ఎవరెవరు వచ్చారో తెలియదు, ఆ రోజు ఎలా ఉందో తెలుస్తుంది.

1971లో, దేశం విడిచిన 27 ఏళ్లకి, అతనికి లిథువేనియా వెళ్లే అవకాశం దొరికింది. ఆ ప్రయాణంతో తయారైంది 'రెమినిసెన్సెస్ ఆఫ్ ఎ జర్నీ టు లిథువేనియా'. మొదటి భాగం బ్రూక్లిన్‌లో తొలిరోజులు, రెండోది పుట్టిన ఊరు, తల్లి, అన్నలు, పొలం, మూడోది తాము పనిచేసిన ఎల్మ్స్‌హార్న్, ఆనాడు చేరలేకపోయిన వియన్నా. అమ్మ బయట పొయ్యి మీద వంట చేస్తుంటుంది, కొడుకు తీస్తుంటాడు, అంతకు మించి ఏమీ జరగదు. ఎవరి ఊరైనా ప్రాజెక్టు కింద మునిగిపోతేనో, ప్లాంటు కోసం ఖాళీ చేయిస్తేనో, ఆ ఊరివాళ్లకి ఈ సినిమా అర్థం కావడానికి ఏ సిద్ధాంతమూ అక్కర్లేదు. ఉక్కు ఫ్యాక్టరీ కోసం ఊళ్లు ఇచ్చేసిన గాజువాక వైపు కుటుంబాలకి ఇది బాగా తెలిసిన బాధ. 2006లో దీన్ని అమెరికా జాతీయ సినిమా రిజిస్ట్రీలో చేర్చారు.

'లాస్ట్ లాస్ట్ లాస్ట్' 1976లో వచ్చింది, కానీ అందులోది 1949 నుంచి 1963 దాకా తీసిన ఫిల్మ్. అంటే కొన్ని రీళ్లు పాతికేళ్లకి పైగా డబ్బాల్లో ఉన్నాయి. మొదటి రీళ్లలో కెమెరా కాస్త కుదురుగా, డాక్యుమెంటరీలా ఉంటుంది. పోనుపోను ముక్కలవుతుంది, ఆడుకోవడం మొదలవుతుంది. ఒక మనిషి కాందిశీకుడి నుంచి న్యూయార్క్ వాడిగా మారడం కథలో కాక కెమెరా కదలికలో కనిపిస్తుంది, ఇది మామూలు జీవితచరిత్ర సినిమా ఎన్నటికీ చెయ్యలేని పని.

2000లో వచ్చిన 'యాజ్ ఐ వాజ్ మూవింగ్ ఎహెడ్...' నిడివి 288 నిమిషాలు. ముప్పై ఏళ్ల కుటుంబ జీవితం. రీళ్లని తేదీల వరసలో పెడదామని మొదలుపెట్టి, కుదరక, అలమరలో చేతికి ఏది దొరికితే అది అతికించుకుంటూ పోయానని సినిమా మొదట్లోనే చెబుతాడు. తర్వాత 2007లో, 84 ఏళ్ల వయసులో, ఏడాది పొడవునా రోజుకొక చిన్న వీడియో తన వెబ్‌సైట్‌లో పెట్టాడు. రీల్స్ అన్న మాట మన నోట్లో పడటానికి చాలా ముందు.

## జ్ఞాపకం మీద వచ్చిన ప్రశ్న

మెకాస్ గురించి రాసేటప్పుడు వదిలెయ్యకూడని విషయం ఒకటుంది. జర్మన్ ఆక్రమణ కాలంలో అతను బిర్జాయ్, పానెవేజిస్ పట్టణాల్లో పత్రికల్లో పనిచేశాడు. ఆక్రమణ కింద నడిచిన ఆ పత్రికల్లో యూదు వ్యతిరేక ప్రచారం వచ్చేది. 1941 ఆగస్టులో బిర్జాయ్ యూదులని ఊచకోత కోశారు, అది అతని పల్లెకి దగ్గరి పట్టణం. నాజీలకి వ్యతిరేకంగా రహస్య బులెటిన్లు టైపు చేశానని, ఆ టైపు మిషన్‌ని ఎవరో దొంగిలించడంతో దొరికిపోతానని భయపడి పారిపోయానని మెకాస్ చెప్పేవాడు. 2018లో చరిత్రకారుడు మైకేల్ కాస్పర్ ఈ కథనాన్ని ప్రశ్నిస్తూ పెద్ద వ్యాసం రాశాడు. మెకాస్ యూదు వ్యతిరేక రాతలు రాశాడని అతను అనలేదు, అక్కడ మెకాస్ అచ్చువేసినవి సాహిత్య రచనలు. అతను ఎత్తి చూపింది వేరు: తేదీలు కలవడం లేదు, చుట్టూ జరిగిన హత్యాకాండ ఆ జ్ఞాపకాల్లో దాదాపుగా లేదు. మెకాస్ స్నేహితులు, అభిమానులు గట్టిగా బదులిచ్చారు, వాదన చాలాకాలం నడిచింది.

ఇది అతని సినిమాలకి పక్కనున్న గొడవ కాదు, నేరుగా వాటి గుండెకి తగిలే ప్రశ్న. డైరీ సినిమా అంటే 'నేను చూశాను, అక్కడ ఉన్నాను' అన్న ఒక్క మాట మీద నిలబడేది. కానీ సినిమా కెమెరా చేతికి రాకముందటి ఆ యుద్ధ సంవత్సరాలు ఫిల్మ్ మీద లేవు, ఉన్నది మాట ఒక్కటే. తీసిన దాన్ని నమ్మొచ్చు, తియ్యని దాని సంగతి ఏమిటి అన్న అనుమానం ఎవరి డైరీకైనా వర్తిస్తుంది, అతని డైరీకి మరింతగా.

## తీస్తే సరిపోదని తెలిసినవాడు

మెకాస్ ఒక్క సినిమా తియ్యకపోయినా సినిమా చరిత్రలో ఉండేవాడు. ఎందుకో ఈ భాగంలో తెలుస్తుంది.

1955లో తమ్ముడితో కలిసి 'ఫిల్మ్ కల్చర్' అనే పత్రిక మొదలుపెట్టాడు. 1958 నుంచి 'విలేజ్ వాయిస్' వారపత్రికలో కాలమ్ రాశాడు, 1975 దాకా ఆపలేదు. నిన్న రాత్రి ఎవరి గదిలోనో పదిహేను మంది చూసిన సినిమా గురించి ఈ వారం పేపర్లో వస్తుంది, వచ్చే వారం యాభై మంది వెతుక్కుంటూ వస్తారు. సమీక్ష అన్నది తీర్పు చెప్పడానికి కాదు, దారి చూపడానికి అన్నట్టు రాశాడు, అందుకు కొందరు విమర్శించారు కూడా, నచ్చనివాటి జోలికే పోడని.

అప్పటికి న్యూయార్క్‌లో ఇలాంటి సినిమాలు చూపించే పెద్ద వేదిక ఏమోస్ వోగెల్ 1947లో స్థాపించిన 'సినిమా 16' అనే ఫిల్మ్ సొసైటీ, ఒక దశలో దాదాపు 7,000 మంది సభ్యులు. ఏది చూపించాలో వోగెల్ ఎంచేవాడు. ఎంపిక బాగుండేది, కానీ ఎంపిక కానివాళ్లకి దారి మూసుకుపోయేది. ప్రయోగాత్మక దర్శకుడు స్టాన్ బ్రాకేజ్ 1958లో తీసిన ఒక సినిమాని అక్కడ తిరస్కరించడం చాలామందిని కదిలించింది. 1962లో మెకాస్, మరికొందరు దర్శకులు కలిసి 'ఫిల్మ్ మేకర్స్ కోఆపరేటివ్' పెట్టారు. పద్ధతి చాలా సరళం. ఎవరు సినిమా తెచ్చినా తీసుకుంటారు, బాగుందా లేదా అని ఎవరూ తేల్చరు. హక్కులు తీసినవాడివే, కావాలంటే ఇంకో చోట కూడా ఇచ్చుకోవచ్చు. పేర్లన్నీ అక్షరక్రమంలో కేటలాగ్‌లో వస్తాయి, కాలేజీలు, సొసైటీలు అందులో చూసి అద్దెకి తెప్పించుకుంటాయి, అద్దెలో ఎక్కువ భాగం దర్శకుడికి, మిగిలింది ఆఫీసు ఖర్చులకి. రైతుబజార్ లాంటిది అనుకోవచ్చు, పండించినవాడే తెచ్చి పెడతాడు, మధ్యలో దళారీ లేడు. అరవై ఏళ్లు దాటినా ఆ సంస్థ ఇంకా నడుస్తోంది.

దీనికి మూల్యం కూడా ఉంది. అన్నీ తీసుకుంటే అందులో నాసిరకం తప్పదు, చూసేవాడికి ఏరుకోవడం కష్టం. ఆ ఏరే పనిని అతని కాలమ్ చేసింది. పత్రిక, సంఘం, ప్రదర్శన మూడూ ఒకదాన్నొకటి మోశాయి. వీటిలో ఒక్కటి లేకపోయినా మిగతా రెండూ కొన్నాళ్లకి ఆగిపోయేవనిపిస్తుంది.

ఘర్షణ కూడా వచ్చింది. 1964 మార్చిలో జాక్ స్మిత్ తీసిన 'ఫ్లేమింగ్ క్రీచర్స్' చూపిస్తుండగా పోలీసులు వచ్చి ప్రింటు, ప్రొజెక్టర్ పట్టుకెళ్లారు, మెకాస్‌ని అరెస్టు చేశారు. నేరం అశ్లీల ప్రదర్శన. రచయిత్రి సూసన్ సోంటాగ్ లాంటివాళ్లు కోర్టులో సినిమా తరఫున సాక్ష్యం చెప్పారు. దోషిగానే తేల్చి, శిక్ష అమలు చెయ్యకుండా వదిలారు. అదే ఏడాది అతను మూతపడిన థియేటర్లోకి దొంగచాటుగా దూరి ఒక నాటకాన్ని భుజం మీద కెమెరాతో తీశాడు. అమెరికా మెరైన్ సైనికుల జైలు గురించిన ఆ నాటకం 'ది బ్రిగ్' పేరుతో సినిమా అయి, వెనిస్ చిత్రోత్సవంలో డాక్యుమెంటరీ విభాగంలో బహుమతి గెలుచుకుంది, తీసింది నాటకమే అయినా. చిత్రకారుడు ఆండీ వార్హోల్ తీసిన 'ఎంపైర్'కి కెమెరా దగ్గర ఉన్నదీ మెకాసే. ఒకే భవనాన్ని కదలకుండా చూసే ఆ సినిమాని సెకనుకి 24 ఫ్రేముల చొప్పున తీసి 16 చొప్పున ప్రదర్శిస్తారు, అందుకే ఎనిమిది గంటలు దాటుతుంది.

చివరి మెట్టు దాచడం. 1970లో 'ఆంథాలజీ ఫిల్మ్ ఆర్కైవ్స్' తెరుచుకుంది. మొదటి హాలు మొత్తం నలుపు, కుర్చీకీ కుర్చీకీ మధ్య అడ్డుపలకలు, పక్కవాడు కూడా కనపడకుండా. ఇక్కడ మాత్రం ఎంపిక ఉంది, ఐదుగురు కూర్చుని దాదాపు 330 సినిమాల శాశ్వత జాబితా తయారుచేశారు. అన్నీ తీసుకోవాలన్న మనిషే ఏరివేతకి కూర్చోవడం మీద అప్పుడూ విమర్శ వచ్చింది, అది న్యాయమైన విమర్శే. 1979లో నగరంలో ఒక పాత కోర్టు భవనం కొన్నారు, బాగుచేసి తెరిచేసరికి 1988. మధ్యలో తొమ్మిదేళ్లు చందాల వేట.

## ఆ రోజుల్లో విశాఖలో ఏం జరుగుతోంది?

అదే 1960ల్లో తెలుగు నేల నిద్రపోవడం లేదు. 1965లో దిగంబర కవులు మొదటి సంపుటిని హైదరాబాద్‌లో అర్ధరాత్రి ఒక రిక్షా కార్మికుడి చేత ఆవిష్కరింపజేశారు. 1968లో మూడో సంపుటి వెలువడింది విశాఖలోనే. 1970 ఫిబ్రవరిలో ఇదే ఊళ్లో శ్రీశ్రీ షష్టిపూర్తి సభ దగ్గర విద్యార్థులు పంచిన కరపత్రం రచయితలని మీరు ఎటువైపని నిలదీసింది, ఆ జూలైలో విరసం (విప్లవ రచయితల సంఘం) పుట్టింది. కోపం, ప్రయోగం, వ్యవస్థ బయట తిరగాలన్న పట్టుదల, అన్నీ న్యూయార్క్‌తో సమానంగా ఉన్నాయి. మరి అండర్‌గ్రౌండ్ సినిమా ఎందుకు రాలేదు?

కరపత్రానికి కాగితం, ఒక ప్రెస్సు, తెలిసిన కంపోజిటర్ చాలు. సినిమాకి ముడి ఫిల్మ్ కావాలి. విదేశీ మారకం కొరతలో ఆ ఫిల్మ్ కోటా మీద వచ్చేది, ల్యాబులు, స్టూడియోలు మద్రాసులో ఉండేవి. సెలవు రోజు భీమిలి వెళ్లి ఒక చుట్ట ఫిల్మ్ తీసుకొద్దామంటే దాన్ని కడిగించడానికి మద్రాసు మెయిల్ రైలు ఎక్కాలి. అమెరికాలో 16 ఎంఎం కెమెరాలు, ఫిల్మ్ ఇళ్లలో వాడుకునే స్థాయికి వచ్చేశాయి, ఇక్కడ అవి సమాచార శాఖ బండిలోనో పెద్ద విద్యాసంస్థలోనో కనిపించే వస్తువులు. తెగువ లేక కాదు, చుట్ట లేక రాలేదు. తెలుగులో ఆ శక్తి అంతా కవిత్వంలోకి, వీధి నాటకంలోకి, పాటలోకి పోయింది.

దక్షిణాదిలో మెకాస్ సహకార ఆలోచనకి దగ్గరగా వచ్చింది కేరళలో మలయాళ దర్శకుడు జాన్ అబ్రహాం, మిత్రులు 1984లో పెట్టిన ఒడెస్సా బృందం. ఊరూరా తిరిగి సినిమాలు చూపిస్తూ, జనం ఇచ్చిన చిన్న చిన్న చందాలతో 1986లో 'అమ్మ అరియాన్' తీశారు, మళ్లీ ఊరూరా చూపించారు. అక్కడ అప్పటికే ఫిల్మ్ సొసైటీలు జిల్లా జిల్లాకీ అల్లుకుని ఉండటం వాళ్లకి కలిసొచ్చింది.

విశాఖ మాత్రం సినిమాకి లొకేషన్‌గానే స్థిరపడింది. కొండ, సముద్రం, ఘాట్ రోడ్డు కావాలంటే యూనిట్ ఇక్కడ దిగుతుంది, పాట తీసుకుని వెళ్లిపోతుంది. చూసే ఊరుగా మాత్రం దీనికి సాటి లేదు, ఒక థియేటర్ పేరే ఊరి నడిబొడ్డు జంక్షన్ పేరైంది.

## ఫోన్ వచ్చాక మారింది, మారనిది

చుట్ట సమస్య ఇప్పుడు లేదు. ఫిషింగ్ హార్బర్‌లో తెల్లవారుజామున వేలం తీయాలన్నా, పూర్ణా మార్కెట్‌లో అమ్మమ్మ బేరం తీయాలన్నా జేబులోంచి తీస్తే చాలు. మెకాస్ 22 చుట్టలు కొని తీసే గంట ఇప్పుడు చార్జింగ్ ఖర్చుతో వస్తుంది.

యూట్యూబ్ ఉంది కదా, అదే సహకార సంఘం కదా అనొచ్చు. అన్నీ తీసుకోవడం వరకు నిజం. కానీ కోఆపరేటివ్‌లో కేటలాగ్ అక్షరక్రమంలో ఉండేది, ఎవరినీ పైకి లేపదు, కిందికి తొయ్యదు. యూట్యూబ్‌లో వరసని నిర్ణయించేది ఎంతసేపు చూశారన్న లెక్క. మూడు ఫ్రేముల పువ్వు, ఎనిమిది నిమిషాల నిశ్శబ్దం ఆ లెక్కలో ఓడిపోతాయి. అందుకే మొదటి ఐదు సెకన్లలో ఏదో ఒకటి జరగాలని కుర్రాళ్లు టెన్షన్ పడుతూ కోస్తుంటారు, రెండు మూడేళ్లకి అందరి వీడియోలూ ఒకేలా తయారవుతాయి. కెమెరాకి కీ ఇచ్చే స్ప్రింగ్ మెకాస్ శైలిని మలిచినట్టే, ఈ లెక్క ఇప్పటి శైలిని మలుస్తోంది. తేడా ఏమిటంటే ఆ స్ప్రింగ్ అతని చేతిలో ఉండేది.

నలుగురిని కూర్చోబెట్టి చూపించడంలో చట్టం చిక్కు కూడా ఉంది. 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం బహిరంగ ప్రదర్శనకి సర్టిఫికెట్ కావాలి, ఫెస్టివళ్లకి మినహాయింపు అడిగే పద్ధతి ఉంది. చిన్న డైరీ సినిమా తీసినవాడికి ఆ కాగితాల పని సినిమా కన్నా బరువు. సభ్యులకి మాత్రమే చూపించే ఫిల్మ్ సొసైటీ పద్ధతి మన దేశంలో ఇందుకే పనికొచ్చింది. ఆంధ్రా యూనివర్సిటీలో థియేటర్ ఆర్ట్స్ విభాగం ఉంది, ద్వారకానగర్‌లో పౌర గ్రంథాలయం ఉంది, ప్రొజెక్టర్ పది వేలకి దొరుకుతోంది. నెలకి ఒకసారి, ఎవరు ఏది తెచ్చినా, పది నిమిషాల చొప్పున వరసగా చూపించడం అంత పెద్ద ఖర్చు కాదు. చూసినవాటి మీద ఎవరో ఒకరు తెలుగులో క్రమం తప్పకుండా రాయాలి, అదే కష్టమైన భాగం.

దాచడం ఇంకా కష్టం. 2014 అక్టోబర్ 12న హుద్‌హుద్ తుపాను ఊరిని తుడిచిపెట్టినప్పుడు అద్దాల వెనక నుంచి, మేడల మీద నుంచి ఎంతోమంది తీశారు. చెట్లు ఒరిగిన బీచ్ రోడ్డు, ఆకు లేని కైలాసగిరి, నీళ్ల కోసం నిలబడ్డ బిందెల వరస. ఆనాటి ఫోన్లు చాలా భాగం ఎక్స్‌చేంజ్‌లో పోయాయి, మెమరీ కార్డులు సొరుగుల్లో ఉన్నాయి. మిగిలినవి వాట్సాప్‌లో చేతులు మారినవి, అలా పంపినప్పుడల్లా వీడియో నాణ్యత తగ్గుతుంది, ఎప్పుడు తీశారన్న వివరం ఫైల్‌లోంచి పోతుంది. మెకాస్ రీలు డబ్బా మీద పెన్నుతో రాసి పెట్టిన నెల, సంవత్సరమే పాతికేళ్ల తర్వాత అతనికి దారి చూపింది. ఆ కార్డులు ఇంకా చదువుతున్నాయంటే చెయ్యాల్సింది అసలు ఫైల్‌ని, ఫార్వార్డ్ కాకుండా, వేరే డ్రైవ్‌లోకి ఎక్కించి, పేరు మార్చి తేదీ, వీధి, తీసినవాళ్ల పేరు రాయడం. ఒకటి ఇంట్లో, ఒకటి ఇంకో ఇంట్లో.